పాటల లైవ్‌కు జనం రావాలన్నా, సూపర్ చాట్ పడాలన్నా ఏం చేయాలి?

పాట వినాలంటే యూట్యూబ్‌లో అసలు గాయకుల రికార్డింగులే బోలెడున్నాయి. అవన్నీ వదిలేసి మీ లైవ్‌కు వచ్చేవాళ్లు పాటతో పాటు పలకరింపు కోసం కూడా వస్తారు. ఇది గుర్తుంటే మిగతా పనులన్నీ తేలికే.

ముందు అర్హతల సంగతి. ఫోన్ నుంచి లైవ్ పెట్టాలంటే కనీసం 50 మంది సబ్‌స్క్రైబర్లు ఉండాలి. మొదటిసారి లైవ్ ఆన్ చేస్తే అది పనిచేయడానికి 24 గంటల దాకా పట్టొచ్చు, కాబట్టి ముందురోజే ఆన్ చేసి పెట్టుకోండి. సూపర్ చాట్ అంటే ప్రేక్షకులు డబ్బు చెల్లించి లైవ్ చాట్‌లో పెట్టే మెసేజ్. దానికి మీకు 18 ఏళ్లు నిండాలి, 500 మంది సబ్‌స్క్రైబర్లు, గత 90 రోజుల్లో 3 పబ్లిక్ వీడియోలు, ఏడాదిలో 3,000 గంటల వాచ్ టైమ్ (జనం మీ వీడియోలు చూసిన మొత్తం సమయం) కావాలి. వాచ్ టైమ్ లేకపోతే 90 రోజుల్లో 30 లక్షల షార్ట్స్ వ్యూస్ ఉన్నా సరిపోతుంది.

ఖరీదైన కెమెరా అక్కర్లేదు. బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం చూస్తారు, గొంతు సరిగ్గా వినపడకపోతే మాత్రం నిమిషంలో వెళ్లిపోతారు. అందుకే డబ్బు మైకు మీద పెట్టండి. ఫ్యాన్ ఆపేయండి, వంటింటి తలుపు మూసేయండి, కుక్కర్ విజిల్ మైకులో ఎంత చక్కగా వినిపిస్తుందో పాడేవాళ్లకు తెలీదు. కిటికీ మీ వెనక కాకుండా ఎదురుగా ఉండాలి. స్పీడ్ టెస్ట్‌లో డౌన్‌లోడ్ అంకె చూసి మురిసిపోవద్దు, లైవ్‌కు కావాల్సింది అప్‌లోడ్. 720పి లైవ్‌కు 5 ఎంబీపీఎస్ పైన నిలకడగా ఉంటే టెన్షన్ ఉండదు.

తర్వాత టైమ్. వారానికి రెండు రోజులైనా చాలు, అదే రోజు, అదే గంటకు రావాలి. అమెరికా తెలుగువాళ్లు కూడా కావాలంటే ఆదివారం ఉదయం 7:30 మంచిది. వేసవిలో అప్పుడు డాలస్‌లో శనివారం రాత్రి 9 అవుతుంది, భోజనాలు ముగించుకుని తీరిగ్గా ఉంటారు.

అసలు పని చాట్‌లో ఉంది. సెట్టింగుల్లో లేటెన్సీ (మీరు పాడింది ప్రేక్షకులకు చేరేలోపు పట్టే ఆలస్యం) తగ్గించుకోండి, లేకపోతే మీరు అడిగినదానికి జవాబు వచ్చేసరికి పల్లవి దాటిపోతారు. చాట్‌లో ఎవరైనా కనిపించగానే పేరు చదవండి, ఊరు అడగండి. "కిందటివారం మీరడిగిన పాట ఇవాళ నేర్చుకొచ్చానండీ" అన్న ఒక్క మాటతో ఆ మనిషి మీ లైవ్‌కు సొంత మనిషైపోతాడు. ముగ్గురే ఉన్నా ముగ్గురితోనే మాట్లాడండి. ఎవరూ రాయకపోతే పాట రాగం గురించో, రచయిత గురించో చెబుతూ ఉండండి. కొత్తవాళ్లు అడుగుపెట్టేసరికి మౌనంగా కూర్చుని ఉండకూడదు.

డబ్బు అడగడంలో మొహమాటం వద్దు, దేబిరింపూ వద్దు. "కొత్త హార్మోనియం కోసం" అని ఒక లక్ష్యం స్క్రీన్ మీద పెట్టి, గంటలో ఒకటి రెండుసార్లు గుర్తు చేస్తే చాలు. సూపర్ చాట్ పడగానే పాట మధ్యలో ఆపొద్దు, చరణం అయ్యాక పేరు పెట్టి కృతజ్ఞత చెప్పండి. ఇరవై రూపాయలిచ్చినవాళ్లనూ రెండువేలిచ్చినవాళ్లనూ ఒకేలా పలకరించండి, మిగతావాళ్లు గమనిస్తూనే ఉంటారు. వెకిలి రాతలకు జవాబివ్వకుండా, నమ్మకమైన ఒకరిద్దరిని మోడరేటర్లుగా, అంటే అలాంటి రాతలు తీసేసేవాళ్లుగా పెట్టుకోండి.

సినిమా పాటల కరోకే ట్రాక్ వాడితే కాపీరైట్ క్లెయిమ్ (ఆ పాట మాది అని హక్కుదారుల అభ్యంతరం) పడొచ్చు, లైవ్ మధ్యలోనే ఆగిపోవచ్చు కూడా. జానపదాలు, సొంత బాణీలో పద్యాలు అయితే ఈ గొడవ చాలావరకు తప్పుతుంది.

సూపర్ చాట్‌లో మీకు దక్కేది 70 శాతం. యూట్యూబ్ డబ్బు జమయ్యే గూగుల్ ఖాతా యాడ్‌సెన్స్‌లో 100 డాలర్లు పోగయ్యాకే బ్యాంకుకు వస్తుంది. అక్కడ అమెరికా పన్ను ఫారం తప్పక నింపండి. నింపకపోతే మొత్తం సంపాదనలో 24 శాతం దాకా కోత పడొచ్చు. నింపి, ఇండియా-అమెరికా పన్ను ఒప్పందాన్ని క్లెయిమ్ చేసుకుంటే అమెరికా ప్రేక్షకుల వాటా మీదే 15 శాతం పోతుంది.

కొందరు స్క్రీన్ మీద యూపీఐ క్యూఆర్ పెడతారు. అలా పెట్టేటట్లయితే ఫోన్ నంబరు లేని ఐడీ పెట్టుకోండి. "పొరపాటున ఎక్కువ పంపాను, తిరిగి ఇవ్వండి" అని స్క్రీన్‌షాట్ పంపేవాళ్లుంటారు, బ్యాంకు ఖాతాలో చూసుకునేదాకా పైసా కదపకండి.