రిటైర్మెంటు బకాయిల కోసం కోర్టుకు వెళ్లే ముందు: విశాఖ ఉద్యోగులకు జాగ్రత్తలు

మీ శాఖకు అర్జీ మీద అర్జీ పెడుతూ ఏళ్లు గడపకండి. ఎక్కువగా నష్టపోయేది ఇక్కడే. మళ్లీ మళ్లీ అర్జీ పెట్టినంత మాత్రాన గడువు పెరగదు. నెలనెలా రావలసిన పింఛను హక్కు పోకపోయినా, ఆలస్యంగా వెళితే పాత బకాయిలను సాధారణంగా పిటిషన్‌కు ముందు 3 ఏళ్లకే పరిమితం చేయాలని సుప్రీంకోర్టు 2008లో తర్సేమ్ సింగ్ కేసులో చెప్పింది. ముప్ఫై ఏళ్లు పనిచేసినవారి సొమ్ము ఇలా జారిపోవడం చూడలేం.

ఎక్కడికి వెళ్లాలో ముందే తేల్చుకోండి. రాష్ట్ర ఉద్యోగులకు పరిపాలనా ట్రిబ్యునల్ రద్దయింది కాబట్టి రాజ్యాంగం 226వ అధికరణ కింద అమరావతిలోని హైకోర్టులో రిట్ పిటిషన్ వేయాలి. నేవల్ డాక్‌యార్డు సివిల్ సిబ్బంది, రైల్వే, తపాలా వారికి కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్, హైదరాబాద్ బెంచ్. అక్కడ, మీ శాఖ తుది ఉత్తర్వు ఇచ్చిన ఏడాదిలోగా కేసు వేయాలి. అర్జీకి జవాబే రాకపోతే 6 నెలలు ఆగి, ఆపై ఏడాదిలోగా. స్టీల్‌ప్లాంటు వారు గ్రాట్యుటీ కోసం ముందు కార్మిక శాఖ అధికారిని కలవాలి.

అర్జీ ఇచ్చినట్టు రుజువు ఉంచుకోండి. ముద్ర వేసిన నకలు లేదా రిజిస్టర్డ్ పోస్టు రసీదు చాలు.

పింఛను, గ్రాట్యుటీ, సెలవుల నగదు వేర్వేరు పద్దులుగా రాయండి. ఒక్కోదాని నిబంధన వేరు.

శాఖాపరమైన విచారణ పెండింగులో ఉందా? గ్రాట్యుటీ ఆగవచ్చు, తాత్కాలిక పింఛను మాత్రం అడగండి.

వడ్డీని పిటిషన్‌లోనే కోరండి. అడగనిది దక్కడం కష్టం.