ఉజ్బెక్ సినిమా ఎడిటింగ్ – 4వ పాఠం: క్రియ వచ్చాకే కత్తెర

ఈసారి రీళ్ల విభజన, అంటే సినిమాని ఏ రీలు ఎక్కడ ముగిసేలా పంచాలో, చెప్పాలి. మూడో పాఠం అభ్యాసంలో చాలామంది ఒకేచోట బోల్తాపడ్డారు కాబట్టి అది వెనక్కి పోయింది. షాట్ మొదట్లో కొట్టే క్లాప్ చూసి బొమ్మనీ శబ్దాన్నీ కలపడం అందరికీ వచ్చనే అనుకుంటున్నాను, దాని జోలికి వెళ్లను.

మాట్లాడేవాడి మీంచి వినే ఆమె ముఖానికి మరీ తొందరగా దూకారు. "మెన్ బొజొర్‌గా బొర్మయ్‌మన్" అన్న వాక్యాన్ని "బొజొర్‌గా" దగ్గరే కోసేశారు. అప్పటికి ఆమె విన్నది "నేను బజారుకి" అన్నంతవరకే. "బొరమన్" అంటే వెళ్తాను, "బొర్మయ్‌మన్" అంటే వెళ్లను. కాదనడం క్రియ కడుపులోనే ఉంది. ప్రశ్నయితే మరీ చివర: "బొరసన్‌మి?"లోని "మి" మన "వెళ్తావా"లోని దీర్ఘం చేసే పనే చేస్తుంది. వెళ్తాను, వెళ్లను అని రోజూ అనేవాళ్లకి ఇది తట్టకపోవడమేమిటి! ఇంగ్లిష్ సంభాషణల కోసం రాసిన కటింగ్ సూత్రాలు ఇక్కడికి మోసుకొస్తే ఇంతే.

క్రియ చివరి అక్షరం ముగిశాక నేను 6 ఫ్రేములు వదులుతాను. అంటే పావు సెకను, 35 ఎం.ఎం. ఫిల్ము మీద 11.4 సెంటీమీటర్లు. జగడమైతే 2 చాలు. తాష్కెంట్‌లోని ఉజ్బెక్‌ఫిల్మ్ సోవియట్ కాలం నాటి స్టూడియో, అక్కడి కొలత మీటరు: మీటరుకి సుమారు 52.6 ఫ్రేములు. అడుగుకి 16 అనే లెక్క మరిచిపోండి. కోత జరిపి జరిపి చూడాలి కాబట్టి వర్క్ ప్రింటుకి, అంటే కోతలు వేసి చూసుకునే నకలుకి, టేపు అతుకే వేయండి. సిమెంటు (ఫిల్ము జిగురు) అతుకు విప్పి మళ్లీ వేస్తే ఫ్రేములు పోతాయి.

ముఖం ముందే కావాలా? శబ్దాన్ని కదపకుండా బొమ్మ ఒక్కటే మార్చండి. అయితే ఆ ముఖం ఇంకా ఎదురుచూస్తూ ఉండాలి, కనుబొమ్మ కదలడం "బొర్మయ్‌మన్"లో కాదనే "మయ్" తర్వాతే.

రష్యన్ డబ్బింగులో ఇదే కోత ఎదురుతిరుగుతుంది. అదే వాక్యం రష్యన్‌లో "యా నె పాయ్‌దూ నా బజార్". అందులో కాదనే "నె" రెండో మాటకే వచ్చేస్తుంది, ముఖం మాత్రం వాక్యం అయ్యేదాకా ఏమీ విననట్టు ఉంటుంది. దీనికోసం బొమ్మని ముట్టుకోకండి, ఉజ్బెక్ ప్రతి సింక్ పోతుంది. సంభాషణ అమర్చేవాళ్లని "నా బజార్ యా నె పాయ్‌దూ" అని తిప్పమనండి. రష్యన్ ఒప్పుకుంటుంది, పెదవులు కూడా దాదాపు కలుస్తాయి.

అభ్యాసం: షుహ్రత్ అబ్బాసోవ్ తీసిన "మహల్లదా దువ్-దువ్ గప్" (1960)లో ఇద్దరు మాట్లాడుకునే చోట్ల 40 కోతలు ఎంచుకోండి. క్రియ ముగింపుకీ కోతకీ మధ్య ఎన్ని ఫ్రేములో ఒక్కోటీ చేత్తో లెక్కపెట్టి రాయండి. క్రియకి ముందే పడినవి వేరు చేసి, ఆ ముఖం ఎదురుచూస్తోందా, అప్పుడే స్పందించిందా రాయండి. సగటు తీయొద్దు, దాంతో నాకు పనిలేదు.

రీళ్ల విభజన ఐదో పాఠంలో. ఒక్కో భాగం 300 మీటర్లు దాటకూడదు, అంటే 11 నిమిషాల లోపు.