ఒడియా కోర్టులో క్రిమినల్ కేసు: మొదటి వాయిదా నుంచి ట్రయల్ దాకా ఏం చేయాలి?

ఒడిశాలోని పర్లాకిమిడిలోనో బరంపురంలోనో మనవాళ్ల మీద కేసు పడితే సగం టెన్షన్ భాషతోనే. బజార్లో తెలుగు, ఒడియా రెండూ నడుస్తాయి గానీ, కోర్టు కాగితం ఒడియాలోనో ఇంగ్లీషులోనో వస్తుంది. చార్జిషీట్ (పోలీసులు దర్యాప్తు ముగించి కోర్టులో వేసే నివేదిక) పడ్డాక, సాక్షులను పిలిచేలోపు వచ్చే వాయిదాలను చాలామంది ‘ఊరికే డేటు’ అనుకుని వదిలేస్తారు. ఒక్కసారి ఎగ్గొడితే వారెంట్ పడొచ్చు.

ముందు తెలుగు వచ్చిన లాయరుకు వకాలత్ ఇవ్వండి. ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు, జైల్లో ఉన్నవాళ్లకు ఆదాయంతో పని లేకుండా న్యాయ సేవా సంస్థ ఉచితంగా లాయర్‌ను ఇస్తుంది. ఫోన్ 15100.

తర్వాత కాగితాలు అడగండి. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న కొత్త క్రిమినల్ విచారణ చట్టం బీఎన్‌ఎస్‌ఎస్ 230వ సెక్షన్ ప్రకారం, నిందితుడు హాజరైన 14 రోజుల్లోగా ఎఫ్‌ఐఆర్, చార్జిషీట్, సాక్షుల వాంగ్మూలాల కాపీలు పైసా తీసుకోకుండా ఇవ్వాలి. కట్ట తెచ్చి బీరువాలో పెట్టేయకండి. లాయరు పక్కన కూర్చుని ప్రతి పేజీ తెలుగులో చెప్పించుకోండి. గొడవ జరిగిన టైముకీ ఎఫ్‌ఐఆర్ టైముకీ ఎంత తేడా ఉంది? సీజర్ లిస్టు (పోలీసులు స్వాధీనం చేసుకున్న వస్తువుల జాబితా) మీద సంతకం చేసినవాళ్లు నిజంగా అక్కడ ఉన్నారా? ఇవి మీకు తెలిసినంతగా లాయరుకు తెలియవు.

హత్య లాంటి పెద్ద కేసును మేజిస్ట్రేట్ విచారించరు, సెషన్స్ కోర్టుకు కమిట్ చేస్తారు, అంటే కేసును అక్కడికి పంపుతారు. ఇది చాలావరకు కాగితాల పనే. ఆధారాలు నిలబడేలా లేవనిపిస్తే ఆ కమిట్ అయిన రోజు నుంచి 60 రోజుల్లోగా డిశ్చార్జ్ పిటిషన్ (ట్రయల్ దాకా పోకుండా కేసు నుంచి తప్పించమనే అర్జీ) వేయాలి. మేజిస్ట్రేట్ దగ్గరే నడిచే వారెంట్ కేసుల్లో (రెండేళ్లకు మించి శిక్ష పడే నేరాల కేసులు) కాపీలు అందినప్పటి నుంచి 60 రోజులు. గడువు దాటాక లాయర్‌ను తిట్టుకుని లాభం లేదు.

ఆ పిటిషన్ కొట్టేస్తే చార్జి ఫ్రేమ్ చేస్తారు, అంటే మీ మీద ఏ నేరం మోపుతున్నారో కోర్టు రాస్తుంది. జాగ్రత్త పడాల్సింది ఈ రోజే. నేరం చదివి వినిపించి ఒప్పుకుంటారా అని అడుగుతారు. అర్థంకాక, జడ్జిగారి ముందు మర్యాదగా ఉంటుందని తల ఊపేవాళ్లు ఉంటారు. ఒప్పుకున్నట్టు రాసుకుంటే దాని మీదే శిక్ష వేయొచ్చు. ‘అయ్యా, నాకు ఒడియా రాదు, తెలుగులో చెప్పించండి’ అని గట్టిగా అడగండి, తప్పేం కాదు. చిన్న కేసుల్లో విడిగా చార్జి రాయరు, ఆరోపణ చెప్పి ఇదే ప్రశ్న అడుగుతారు.

ఒప్పుకోనంటే సాక్షులకు తేదీ వేస్తారు, ట్రయల్ మొదలవుతుంది. సాక్షి మాట మీకు అర్థంకాని భాషలో ఉంటే, అదే చట్టం 314వ సెక్షన్ ప్రకారం కోర్టులోనే మీకు తెలిసిన భాషలో చెప్పించాలి. మొదటి సాక్షి రోజునే లాయరు చేత అడిగించండి.