కరెంటు లేనప్పుడు బతికిన చేపలు, కరెంటు వచ్చాక ఎందుకు పోతున్నాయి?

2021 ఫిబ్రవరిలో టెక్సాస్ గ్రిడ్ చేతులెత్తేసినప్పటి నుంచీ, ఇక్కడ డాలస్‌లో చలికి కరెంటు పోతే చాలు మనవాళ్ళ దగ్గర్నుంచి ఒకటే ఫోను, అక్వేరియంలో చేపలు పోతున్నాయన్నా అని. నీళ్ళు ఎంత టెంపరేచర్‌లో ఉన్నాయంటే "చెయ్యి పెట్టి చూశా, చల్లగానే ఉన్నాయి" అంటారు. చెయ్యి కాదు బాబూ, థర్మామీటర్ చూడండి, మిగతా మాటలన్నీ తర్వాత.

అడుగున కదలకుండా పడున్నాయి, రంగు పాలిపోయింది
ఇది చలే. టెట్రాలు, ఏంజెల్స్ 75-79 ఫారెన్‌హీట్‌కి అలవాటుపడ్డవి. ట్యాంకు చుట్టూ దుప్పట్లు చుట్టి పైన గాలాడేలా కాస్త వదలండి. గ్యాస్ స్టవ్ ఉంటే నీళ్ళు కాచి సీసాలో పోసి, మూత గట్టిగా బిగించి ట్యాంకులో తేలేలా వెయ్యండి. గంటకి రెండు డిగ్రీలు పెరిగితే చాలు, తొందరొద్దు. మేత బంద్. గోల్డ్‌ఫిష్ అయితే కంగారే అక్కర్లేదు.

కరెంటు వచ్చాక పైకొచ్చి నోళ్ళు తెరుస్తున్నాయి
ఇదీ అసలు దొంగ. అందరూ చలి దెబ్బే అనుకుని హీటర్ పెంచుతారు. కానీ చల్లటి నీళ్ళలో ఆక్సిజన్ ఎక్కువే నిలుస్తుంది, పైగా ఫిల్టర్ కూడా తిరుగుతోంది, మరి ఊపిరాడకపోవడం ఏంటి? కింద స్టాండ్‌లో కానిస్టర్ ఫిల్టర్ ఉందా? అది మూసేసిన డబ్బా, లోపల స్పాంజి మీదుండి చేపల మలినాల్ని శుభ్రం చేసే మంచి బ్యాక్టీరియాకి నీళ్ళు పారుతుంటేనే ఆక్సిజన్, ఆగిపోతే కొన్ని గంటల్లో ఉన్నదంతా వాడేసి చావడం మొదలవుతుంది, చెత్త కుళ్ళుతుంది. అర్ధరాత్రి కరెంటు వస్తే మీరు నిద్రలో ఉండగానే పంపు ఆ మురుగంతా తెచ్చి ట్యాంకులో పోస్తుంది.

అందుకే కరెంటు పోగానే ఫిల్టర్ ప్లగ్గు పీకేయండి. ఇప్పట్లో రాదనిపిస్తే స్పాంజి, బ్యాక్టీరియా ఉండే రింగులు తీసి ట్యాంకులోనే వేసుంచండి. వచ్చాక మూత తీసి వాసన చూడండి, కుళ్ళిన గుడ్డు కంపు కొడితే ఆ నీళ్ళు సింకులో పారబోసి, స్పాంజి ట్యాంకు నీళ్ళతోనే పిండండి. కుళాయి నీళ్ళు వద్దు, వాటిలో క్రిముల్ని చంపే క్లోరమిన్ ఉంటుంది, మిగిలిన బ్యాక్టీరియా కూడా పోతుంది. ఆల్రెడీ పంపు తిరిగేసిందా? మూడో వంతు నీళ్ళు మార్చండి, డీక్లోరినేటర్ (క్లోరిన్, క్లోరమిన్ విరిచే మందు) వేసి, ట్యాంకు వేడికి సరిపోయేలా. నాలుగు రోజులు అమ్మోనియా (చేపల మలినాల్లోంచి వచ్చే విషం) టెస్ట్ చేస్తూ ఉండండి.

వెనక తగిలించే ఫిల్టర్లకి ఈ గొడవ తక్కువ, డబ్బా మూసేసి ఉండదు కాబట్టి.

ఇల్లు వెచ్చబడుతుందని బొగ్గుల గ్రిల్ లోపలికి తెచ్చేవాళ్ళున్నారు, ఆ కార్బన్ మోనాక్సైడ్‌కి చేపల మాట దేవుడెరుగు, మనుషులే పోతారు. వారం తర్వాత చేపల మీద తెల్ల మచ్చలొస్తే అది 'ఇక్' అనే పరాన్నజీవి జబ్బు, షాపులో మందు దొరుకుతుంది. హీటర్ గ్లాసు పగలడం లాంటివి అరుదు, నీళ్ళు దాని మీదదాకా ఉన్నాయో లేదో చూసి ఆన్ చేస్తే సరి.