చెన్నై నుంచి ఒకరోజు టూర్: మహాబలిపురం, పుదుచ్చేరి తీరిగ్గా చూసి రావాలంటే

చెన్నైలో పెళ్లికో పనికో వెళ్లినప్పుడు మధ్యలో ఒక రోజు ఖాళీ దొరికితే మనవాళ్లు చాలామంది హోటల్ కౌంటర్‌లో అడిగి ఏదో ఒక టూర్ బస్సు ఎక్కేస్తారు. గైడ్‌తో వెళ్లడం మంచి ఆలోచనే, ముఖ్యంగా మహాబలిపురానికి, ఎందుకంటే చెప్పేవాళ్లు లేకపోతే అక్కడ సగం శిల్పాలు మామూలు రాళ్లలాగే దాటిపోతాయి. కాకపోతే టూర్ బాగుంటుందా, ఉరుకులు పరుగులేనా అన్నది డబ్బు కట్టకముందే తెలుసుకోవచ్చు. నాలుగు ప్రశ్నలు అడిగితే చాలు.

ముందు దూరాలు చూద్దాం. చెన్నై నుంచి దక్షిణంగా ఈస్ట్ కోస్ట్ రోడ్డు, అక్కడ అందరూ ఈసీఆర్ అంటారు, తీరం వెంబడే సాగుతుంది. ఆ దారిలో 55-60 కిలోమీటర్లకి మహాబలిపురం, ఇంకో 95 వెళ్తే పుదుచ్చేరి. ఒకవైపే సుమారు 150 కిలోమీటర్లు, ఊరి ట్రాఫిక్ కలుపుకుంటే మూడు మూడున్నర గంటలు. అంటే రానూ పోనూ ఆరేడు గంటలు సీట్లోనే అయిపోతాయి. ఇప్పుడు బ్రోషర్ తీసి చూడండి: మొసళ్ల పార్కు, దక్షిణచిత్ర, మహాబలిపురం, ఆరోవిల్, పుదుచ్చేరి, బీచ్ అని వరసగా ఆరు పేర్లు ఉంటాయి. మిగిలిన టైమ్‌ని ఆరుకి పంచితే ఒక్కో చోట దిగడం, ఫొటో తీసుకోవడం, ఎక్కడం, అంతే. ఒక రోజుకి రెండు ఊళ్లు చాలు. మూడోది కావాలనుకుంటే మొదటి రెండిట్లో ఒకటి వదిలేయండి.

అందుకే మొదట అడగాల్సింది "ఎన్ని చోట్లు చూపిస్తారు?" అని కాదు, "మహాబలిపురంలో ఎంతసేపు ఆపుతారు?" అని. కనీసం మూడు గంటలు లేకపోతే ఆ టూర్ వద్దు. రెండోది, గైడ్ రోజంతా ఉంటారా, లేక డ్రైవరే గైడా? చాలా కార్ టూర్లలో డ్రైవర్ గేటు దగ్గర దించి "లోపల చూసి రండి సార్" అంటారు, ఆయన తప్పు కాదు, ఆయన పని నడపడం. అలాంటప్పుడు గుడి దగ్గర వేరే గైడ్‌ని పెట్టుకోవాలి, పర్యాటక శాఖ ఇచ్చిన గుర్తింపు కార్డు ఉన్నవాళ్లని చూసి, ఎంత, ఎంతసేపు, ఏయే చోట్లు అన్నది ముందే మాట్లాడుకోండి. మూడోది, భాష. చెన్నైలో తెలుగు వచ్చినవాళ్లకి కొదవ లేదు, కానీ గ్రూప్ బస్సుల్లో ఎక్కువగా ఇంగ్లీషు, తమిళం, హిందీ నడుస్తాయి. ఇంట్లో పెద్దవాళ్లు ఉంటే తెలుగు మాట్లాడే గైడ్ కావాలని ముందే గట్టిగా చెప్పండి, ఫోన్లో "సరే" అన్నారని ఊరుకోకుండా వచ్చేవారితో ఒక్క నిమిషం మాట్లాడండి. నాలుగోది, ధరలో ఏముంది? టికెట్లు, భోజనం, టోల్, పార్కింగ్, పుదుచ్చేరిలోకి వెళ్లడానికి బండికి కట్టే పర్మిట్, వీటిలో ఏవి కలిపారో ఏవి కలపలేదో వాట్సాప్‌లో రాయించుకోండి. మధ్యలో షాపింగ్ ఆగుడు ఉందా అని కూడా అడగండి, ఉంటే అది మీ టైమ్‌లోంచే పోతుంది.

బయల్దేరడం ఉదయం ఆరుకి. ఎనిమిదికి బయల్దేరే టూర్ తీసుకుంటే ఎండలో రాళ్ల మధ్య నిలబడాల్సి వస్తుంది. మహాబలిపురంలో పురావస్తు శాఖ కట్టడాలు ఉదయం ఆరుకే తెరుస్తారు. పంచరథాలకీ సముద్రతీర ఆలయానికీ కలిపి ఒకే టికెట్, భారతీయులకి 40 రూపాయలు, పదిహేనేళ్ల లోపు పిల్లలకి ఉచితం. ఆ టికెట్‌ని పారేయకుండా దాచుకోండి, రెండో చోట మళ్లీ అడుగుతారు. ఫోన్లోనే కొనేస్తే క్యూ తప్పుతుంది.

గైడ్‌ని అడిగి ముందు పంచరథాలకి వెళ్లండి, అక్కడ నీడ లేదు కాబట్టి. ద్రౌపది, అర్జున, భీమ, ధర్మరాజ, నకుల-సహదేవ అని పేర్లయితే పెట్టారు కానీ పాండవులకీ వీటికీ సంబంధం లేదు, పేర్లు తర్వాత వచ్చాయి. ఇవి కట్టినవి కావు, ఉన్న బండని పైనుంచి కిందికి చెక్కుకుంటూ వచ్చినవి, ఏడో శతాబ్దంలో, పల్లవుల కాలంలో. పని మధ్యలో ఆగిపోయింది కాబట్టి పైభాగం నున్నగా తేలి కింద గరుకుగా మిగిలిన చోట్లు కనిపిస్తాయి, వాటిని చూపించమని అడగండి, ఎలా చెక్కారో అక్కడే అర్థమవుతుంది. ద్రౌపది రథం పైకప్పు అచ్చం పూరిగుడిసె. నకుల-సహదేవ రథం వెనకభాగం ఏనుగు వీపులా గుండ్రంగా ఉంటుంది, దాని పక్కనే నిలువెత్తు రాతి ఏనుగు కూడా ఉంది. రెండూ ఒకే చూపులో పడే చోట నిలబడి చూడండి.

తర్వాత సముద్రతీర ఆలయం. ఇది చెక్కింది కాదు, రాళ్లు పేర్చి కట్టింది, ఎనిమిదో శతాబ్దం మొదట్లో రాజసింహుడని పేరున్న రెండో నరసింహవర్మ కాలంలో. రెండు శివాలయాలు, మధ్యలో పడుకున్న విష్ణువు. పదమూడు వందల ఏళ్ల ఉప్పుగాలికి బొమ్మల ముఖాలు అరిగిపోయాయి, వేళ్లు పెట్టి తడమకండి, పిల్లల్ని ఎక్కనివ్వకండి. 2004 సునామీ అప్పుడు సముద్రం వెనక్కి వెళ్లినప్పుడు ఇసుకలో కప్పబడిపోయిన శిల్పాలు కొన్ని బయటపడ్డాయి, ఊరికి ఉత్తరంగా సాలువన్‌కుప్పం దగ్గర ఒక పాత ఇటుకల సుబ్రహ్మణ్యేశ్వరుడి గుడి తవ్వకాల్లో దొరికింది కూడా ఆ తర్వాతే. అలలు చూసి నీళ్లలోకి దిగుదాం అనిపిస్తుంది, వద్దు, ఇక్కడ లోపలికి లాగే ప్రవాహం ఉంటుంది.

ఇక మూడోది, నా వరకు ఈ టూర్ అంతా దీనికోసమే: అర్జునుడి తపస్సు. కొందరు దీన్నే గంగావతరణం అంటారు, ఏది నిజమన్న వాదన ఇంకా తేలలేదు, గైడ్ రెండూ చెప్తే మంచి గైడ్ అని అర్థం. బజారు మధ్యలో రోడ్డు పక్కనే ఉంటుంది, తూర్పు ముఖం, కాబట్టి పొద్దున ఎండ నేరుగా శిల్పం మీద పడుతుంది, మధ్యాహ్నం దాటితే ఆ లోతు కనిపించదు. పెద్ద బండలు రెండు, మధ్యలో నిలువు చీలిక. ఆ చీలికలో నాగులు పైకి పాకుతున్నట్టు ఉంటాయి, పైన ఒకప్పుడు నీళ్ల తొట్టి ఉండేది, అక్కడినుంచి నీళ్లు వదిలితే గంగ దిగినట్టే ఉండేదట. చీలికకి ఎడమవైపు ఎముకల గూడుగా మిగిలిన ముని ఒంటికాలి మీద, చేతులు పైకెత్తి, పక్కన శివుడు. ఇదంతా గైడ్ చెప్తారు. మీరు అక్కడితో కదలకుండా పెద్ద ఏనుగు కిందికి చూడండి. అక్కడ ఒక పిల్లి కూడా అదే ముని భంగిమలో, వెనక కాళ్ల మీద నిలబడి చేతులెత్తి తపస్సు చేస్తుంటుంది, దాని కాళ్ల దగ్గర ఎలుకలు భక్తిగా చేరాయి. ఇంకో చోట ఒక జింక వెనక కాలితో ముక్కు గోక్కుంటోంది. ఇవి చూపించకుండా ముందుకు పోయే గైడ్‌ని "ఒక్క నిమిషం ఆగండన్నా" అని ఆపండి. పక్కనే కృష్ణ మండపంలో పాలు పితుకుతుంటే దూడని నాకుతున్న ఆవు ఉంటుంది, దాన్నీ వదలకండి.

అక్కడికి ఆనుకునే స్థలశయన పెరుమాళ్ కోవెల, నూట ఎనిమిది దివ్యదేశాల్లో ఒకటి. దర్శనం కావాలంటే మధ్యాహ్నం మూసేలోపే వెళ్లాలి, బస్సు ఎక్కేముందే గైడ్‌కి చెప్పి ఉంచండి. ఊళ్లో ఎటు వెళ్లినా ఉలి చప్పుడు వినిపిస్తుంది, శిల్పుల పని చూడటం ఉచితం, ఎవరూ ఏమీ అనరు. కొనేటప్పుడు మాత్రం చేత్తో చెక్కిన రాయా, పోత పోసినదా అని అడిగి తెలుసుకోండి.

ఇక్కడ ఒక నిర్ణయం తీసుకోవాలి. చంటిపిల్లలో, మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లో వెంట ఉంటే పుదుచ్చేరి మానేయండి. దక్షిణంగా కాస్త దూరంలో, కల్పాక్కం పక్కన సద్రాస్ ఉంది, అసలు పేరు సదురంగపట్టినం. డచ్చివాళ్ల కోట, లోపల చిన్న శ్మశానవాటిక, సమాధి రాళ్ల మీద ఓడలూ పువ్వులూ అక్షరాలూ ఎంత సన్నగా చెక్కారో దగ్గరికి వెళ్తే తెలుస్తుంది. 1782 ఫిబ్రవరిలో ఫ్రెంచి, ఇంగ్లీషు నౌకాదళాలు ఈ తీరానికి ఎదురుగానే తలపడ్డాయి. బస్సు టూర్లు ఇక్కడ ఆగవు, కారు మాట్లాడుకుంటేనే. ఈ రెండూ చూసి చీకటి పడకముందే చెన్నైలో ఉండొచ్చు.

ఓపిక ఉన్నవాళ్లు పదకొండున్నరకల్లా మహాబలిపురం వదిలితే ఒంటిగంటన్నర లోపు పుదుచ్చేరి. దారిలో ఆరోవిల్ వద్దు. అక్కడి ధ్యానమందిరం, మాతృమందిరం, లోపలికి ముందుగా బుక్ చేసుకుంటేనే పంపిస్తారు, బయట నుంచి చూడటానికే రెండు గంటలు పోతాయి, దానికి ఇంకో రోజు పెట్టుకోండి.

పుదుచ్చేరిలో భోజనం అయ్యాక ఎండ తగ్గేదాకా నీడలో ఉండే పనులు పెట్టుకోండి, మ్యూజియం (సోమవారం సెలవు) లేదా చర్చిలు. అరవిందాశ్రమంలో మూడేళ్ల లోపు పిల్లల్ని అనుమతించరు, ఫోన్ ఆపేయాలి. మణకుళ వినాయకుడి గుడి కూడా మధ్యాహ్నం మూసి సాయంత్రం తెరుస్తారు. నాలుగు తర్వాత ఫ్రెంచి పేట నడవడానికి బయల్దేరండి, బస్సు కిటికీలోంచి చూస్తే లాభం లేదు, గైడ్‌ని దింపించి నడిపించమనండి. 1674లో ఫ్రాంస్వా మార్టిన్ ఇక్కడ ఫ్రెంచి వ్యాపారం నిలబెట్టాడు, 1761లో ఇంగ్లీషువాళ్లు ఊరిని నేలమట్టం చేశారు, ఇప్పుడు కనిపించే తిన్నని వీధులూ పసుపు గోడలూ ఆ తర్వాత మళ్లీ లేపినవి. కాలవకి అవతల తమిళ పేటకీ ఒకసారి వెళ్లండి, వీధి అరుగులు, మండువా ఇళ్లు మనకి తెలిసినవే. ఫ్రెంచి గవర్నర్ డూప్లేకి దుబాసీగా, అంటే మాటలు తర్జుమా చేసే మనిషిగా, చేసిన ఆనందరంగ పిళ్లై ఇల్లు అక్కడే, పాతికేళ్లపాటు తమిళంలో డైరీ రాసిన మనిషి, ఆ కాలం గురించి చరిత్రకారులకి అది పెద్ద ఆధారం. గోదావరి జిల్లాల వాళ్లకి యానాం వల్ల ఈ ఊరు ఎటూ కొత్త కాదు, అదే ప్రభుత్వం, అదే పాలన, మధ్యలో వందల కిలోమీటర్లు.

సాయంత్రం ఆరు దాటితే బీచ్ రోడ్డులో బళ్లు ఆపేస్తారు, గాంధీ విగ్రహం నుంచి పాత లైట్‌హౌస్, యుద్ధ స్మారకం మీదుగా ఊరు ఊరంతా అక్కడే నడుస్తుంది. ఐదున్నరకే బస్సు ఎక్కించే టూర్ అయితే ఇది పోతుంది, కాబట్టి తిరుగు ప్రయాణం ఏడుకి ఉండేట్టు బుక్ చేసేటప్పుడే అడగండి. వచ్చేటప్పుడు మందు సీసాలు సర్దుకోవద్దు, తమిళనాడు సరిహద్దు చెక్‌పోస్టుల్లో పట్టుకుంటే బస్సంతా ఆగిపోతుంది.

జనవరి, ఫిబ్రవరి మంచి కాలం, పొంగల్ సెలవులు మాత్రం తప్పించుకోండి, ఇసుక వేస్తే రాలనంత జనం. అక్టోబరు చివరినుంచి డిసెంబరు దాకా ఈశాన్య రుతుపవనాలు, వాయుగుండం అంటే టూర్ రద్దు, కాబట్టి డబ్బు వాపసు ఇస్తారా లేదా అన్నది ఆ నెలల్లో ముఖ్యం. ఏప్రిల్, మే అయితే మహాబలిపురం ఒక్కటే, అదీ పొద్దున్నే. టోపీ, రెండు బాటిళ్ల నీళ్లు, తేలిగ్గా విప్పగలిగే చెప్పులు, చిల్లర డబ్బు దగ్గర పెట్టుకోండి.

రాత్రి చెన్నై చేరేసరికి పదీ పదిన్నర అవుతుంది, గిండీ, అడయార్ లాంటి చోట్ల ఆగిపోతే ఇంకా ఆలస్యం. ఎక్కించుకున్న చోటే దింపుతారా, ఊరి మొదట్లోనే వదిలేస్తారా అని ముందే తేల్చుకోండి. ఆ రాత్రికే హైదరాబాద్‌కో విజయవాడకో రైలు మాత్రం పెట్టుకోవద్దు, ఈసీఆర్‌లో ఒక్క చోట బండ్లు ఆగినా సెంట్రల్‌కి చేరేదాకా టెన్షనే, మర్నాడు పొద్దున రైలుకి టికెట్ తీసుకోండి.