పాత రొట్టె పాఠాలు – 3: పండ్లు వేసి కాల్చే మియాషా

పోయిన పాఠం చివర ఒక ఇంటిపని ఇచ్చాను. తాజా బ్రెడ్ ముక్క ఒకటి, ఓవెన్‌లో ఎండబెట్టిన ముక్క ఒకటి వేరువేరు గిన్నెల్లో పాలల్లో నానేసి, అరగంట తర్వాత పిడికిట్లో పట్టి చూడమన్నాను. చేసినవాళ్లకు ఈపాటికి తెలిసే ఉంటుంది. తాజా ముక్క మైదా జిగురులాగా వేళ్ల సందుల్లోంచి జారిపోతుంది. ఎండిన ముక్క నానిన అటుకుల్లా ఉంటుంది. మెత్తబడుతుంది, పాలన్నీ పీల్చుకుంటుంది, అయినా దాని రూపు దానికి ఉంటుంది. ఇంకా చేయనివాళ్లు ఈ పాఠం పక్కన పెట్టి ముందు ఆ పని చేయండి. రెండు బ్రెడ్ ముక్కలతో తెలిసిపోయే విషయం ఇది. తెలియకుండా ముందుకెళ్తే ఒక పూట శ్రమ, పాలు, గుడ్లు, పండ్లు అన్నీ దండగ.

ఈసారి ఓవెన్ దాకా వెళ్తున్నాం. చేయబోయేది మియాషా. ఇటలీ ఉత్తరాన లొంబార్దియా ప్రాంతంలో కోమో అని ఒక సరస్సుంది. మ్యాపులో చూస్తే ఇంగ్లిష్ 'వై' అక్షరాన్ని తలకిందులు చేసినట్టు ఉంటుంది. దాని చుట్టుపక్కల ఊళ్లలో చేసే బ్రెడ్ పుడ్డింగ్ ఇది. చూడ్డానికి కేకులా ఉంటుంది, కోస్తే లోపల పుడ్డింగులా మెత్తగా ఉంటుంది. పాత రొట్టె, పాలు, గుడ్లు, ఆపిల్, బేరి పండు, ద్రాక్ష, కొంచెం మొక్కజొన్న పిండి. పైన రోజ్‌మేరీ ఆకు, ఆలివ్ నూనె. ఒక్కో ఇంట్లో ఒక్కో తీరు, పండ్లు ఏవుంటే అవి.

అందులో మొక్కజొన్న పిండి ఎందుకొచ్చిందో చెప్పాలి. ఆ ప్రాంతపు రైతుల ఇళ్లలో ఒకప్పుడు రోజూ ఉడికేది పొలెంతా, అంటే మొక్కజొన్న సంకటి. గోధుమ రొట్టె వాళ్లకు ఖరీదైన తిండి. పొలెంతా తప్ప ఇంకేమీ దొరకని పేదలకి చర్మం ఎర్రబడి పొలుసులుగా లేచే జబ్బు వచ్చేది. 1771లో మిలాన్ వైద్యుడు ఫ్రాంచెస్కో ఫ్రాపొల్లి దానికి పెలాగ్రా అని పేరు పెట్టాడు. (జొన్న మీదే బతికిన మన దక్కన్ కూలీల్లోనూ ఈ జబ్బు కనిపించింది. 1960ల్లో హైదరాబాద్‌లోని పోషకాహార పరిశోధకులు దాని కారణాలు వెతికారు.) అలాంటి ఇళ్లలో ఎండిపోయిన రొట్టె ముక్కని పారేసే మాటే ఉండదు. పాలల్లో నానేసేవాళ్లు, ఉన్న పండు కోసి కలిపేవాళ్లు, చాలకపోతే ఎలాగూ డబ్బాలో ఉన్న మొక్కజొన్న పిండి గుప్పెడు వేసేవాళ్లు. పాత రొట్టె మీద అక్కడివాళ్లకి ఉన్న గౌరవం ఇప్పటికీ పోలేదు. మిలాన్‌లో క్రిస్మస్‌కి కొన్న పానెత్తోనె అనే తియ్యటి రొట్టెలో ఒక ముక్క దాచి, ఫిబ్రవరి 3న శాన్ బ్యాజో పండుగ నాడు ఎండిపోయిందాన్నే తింటారు.

నేను మియాషా నేర్చుకున్నది లెక్కోలో. కోమో సరస్సు తూర్పు పాయ చివర ఉన్న ఊరది. మిలాన్ సాంకేతిక విశ్వవిద్యాలయం పొలిటెక్నికో క్యాంపస్ ఉంది కాబట్టి మన పిల్లలు కూడా అక్కడ కనిపిస్తారు. నేను అద్దెకున్న ఇంటావిడ డెబ్భై దాటిన పెద్దమనిషి. ఆవిడ దీనికి కాటా వాడేవారు కాదు. నానిన రొట్టెని గుప్పెట్లోకి తీసుకుని మెల్లగా నొక్కేవారు. వేళ్ల మధ్య నుంచి పాలు నాలుగు చుక్కలు రాలి ఆగిపోతే సరిపోయినట్టు. ధారగా కారితే ఇంకో గుప్పెడు ఎండు రొట్టె తుంచి వేసేవారు. అసలు కారకపోతే గ్లాసులో మిగిలిన పాలు పోసేవారు. ఆ గుప్పెడు పరీక్షే ఈ పాఠంలో అసలు విద్య. మిగతావన్నీ కొలతలు, అవి కాగితం చూసి చేసుకోవచ్చు.

నేను ఆ పరీక్షని తేలిగ్గా తీసుకుని దెబ్బతిన్నాను. హైదరాబాద్ తిరిగొచ్చాక మొదటిసారి చేసినప్పుడు షాపులో దొరికే తెల్ల బ్రెడ్ అప్పటికప్పుడు తెచ్చి, ఆవిడ కొలతలే అని పాలు పోసేశాను. అంచులు నల్లబడ్డాయి, మధ్యలో పచ్చి పిండి ముద్ద. చుట్టాలు కూర్చుని ఎదురుచూస్తున్నారు. ఓవెన్ పాడైందేమో అనుకున్నాను గానీ ఓవెన్ తప్పేం లేదు. అక్కడి రొట్టెలో పిండి, నీళ్లు, ఉప్పు, ఈస్ట్ మాత్రమే ఉంటాయి. పైన గట్టి పెచ్చు ఉంటుంది, రెండ్రోజులు బయట పెడితే రాయైపోతుంది. మన తెల్ల బ్రెడ్‌లో చక్కెర, నూనె ఉంటాయి, లోపల తేమ నిలబడేలా చేస్తారు. ఆ బ్రెడ్‌కి పాలు తాగే జాగా లేదు. దానికి తోడు పండ్లు కాలేటప్పుడు వదిలే నీళ్లు. ఇవన్నీ కలిసి మధ్యలో చేరాయి.

కాబట్టి ముందు బ్రెడ్. ఫ్రిజ్‌లో పెట్టి పాతబడిందనుకోకండి. చల్లదనానికి అందులోని పిండిపదార్థం బిగుసుకుని ముక్క గట్టిపడుతుంది, తేమ మాత్రం లోపలే ఉంటుంది. మన ఊళ్లలో, ముఖ్యంగా వానాకాలంలో, బయట వదిలేస్తే ఎండేలోపే బూజు పడుతుంది. అందుకని అంగుళం ముక్కలుగా తుంచి, ఓవెన్‌లో 100 డిగ్రీల దగ్గర 25 నిమిషాలు ఉంచండి. రంగు మారక్కర్లేదు, విరిస్తే రస్కులా పెళుసుగా విరగాలి. మెత్తగా వంగితే ఇంకో పది నిమిషాలు. చల్లారాక తూచండి, 200 గ్రాములు కావాలి.

పాలు దానికి రెట్టింపు, అంటే 400 మిల్లీలీటర్లు. చిక్కటి పాలు కాచి, గోరువెచ్చగా అయ్యాక ముక్కల మీద పోసి, పళ్లెం మూతపెట్టి 40 నిమిషాలు వదిలేయండి. మధ్యలో ఒకసారి కిందవి పైకి వచ్చేలా చేత్తో తిప్పండి. తర్వాత గుప్పెడు పరీక్ష. నాలుగు చుక్కలు గుర్తుంచుకోండి. మిక్సీ పట్టొద్దు, గరిటెతో చిదమొద్దు. వేళ్లతో పెద్ద ముక్కలు విడదీస్తే చాలు, అక్కడక్కడా గోరంత ముక్కలు కనపడుతుండాలి.

ఈ రొట్టె నానుతుండగా పండ్లు. మార్కెట్లో ఎర్రగా మెరిసే ఆపిల్ ఎక్కువగా తియ్యటిది, కాలితే పిండైపోతుంది. కాస్త పులుపున్న గట్టి ఆపిల్ తీసుకోండి, ఆకుపచ్చవి బాగా పనికొస్తాయి. ఒక ఆపిల్, గట్టిగా ఉన్న ఒక బేరి పండు, రెండూ కలిపి కోశాక 300 గ్రాములు ఉంటే చాలు. తొక్క తీసి రెండు నాణేలు ఒకదానిమీద ఒకటి పెట్టినంత మందాన ముక్కలు కోయండి. నల్లబడతాయని చక్కెర చల్లి పక్కన పెట్టే అలవాటుంటే ఈసారికి మానేయండి. ఉప్పు చల్లిన దోసకాయ ముక్కలు ఎలా నీరూరతాయో చక్కెర తగిలిన ఆపిల్ కూడా అలాగే ఊరుతుంది, ఆ నీళ్లన్నీ పుడ్డింగ్‌లోకి పోతాయి. కోసిన వెంటనే నాలుగు చుక్కల నిమ్మరసం పట్టించండి, చాలు. ఎండుద్రాక్ష 50 గ్రాములు వేడినీళ్లలో పది నిమిషాలు ఉంచి, వంపి, గుడ్డలో పెట్టి పిండండి. గింజల్లేని నల్లద్రాక్ష దొరికే రోజుల్లో ఒక గుప్పెడు వేస్తే మరీ మంచిది. అనాస, బొప్పాయి మాత్రం పచ్చివి వేయకండి. వాటిలోని ఎంజైములు పాలని చేదెక్కిస్తాయి.

ఇక కలపడం. రెండు గుడ్లు, 80 గ్రాముల చక్కెర, చిటికెడు ఉప్పు ఒక గిన్నెలో గిలక్కొట్టండి. నురగ రావాల్సిన పని లేదు. లెక్కోలో ఆవిడ చక్కెర ఇంకొంచెం ఎక్కువే వేసేవారు, మన బ్రెడ్‌లో ముందే తీపి ఉంటుంది కాబట్టి నేను తగ్గించాను. ఒక నిమ్మకాయ పైతొక్క సన్నగా తురిమి వేయండి. మన నిమ్మకాయ తొక్క పల్చన, రెండు గీతలు ఎక్కువ తురిమితే తెల్లపొర వచ్చి చేదైపోతుంది, పసుపు పోగానే ఆపండి. రెండు చెంచాల మైదా, మూడు చెంచాల మొక్కజొన్న పిండి. ఇక్కడ ఒక హెచ్చరిక. షాపులో కార్న్‌ఫ్లోర్ అని అడిగితే సూప్‌లో వేసే తెల్ల పొడి ఇస్తారు, అది మొక్కజొన్న గంజిపొడి, ఇందులోకి పనికిరాదు. పసుపుపచ్చగా, వేళ్లకి రవ్వలా తగిలే పిండి కావాలి. దొరక్కపోతే మక్కలు మరపట్టించిన పిండి చక్కగా సరిపోతుంది. ఇవన్నీ నానిన రొట్టెలో కలిపి, పండ్ల ముక్కల్లో మూడొంతులు, ఎండుద్రాక్ష ఆఖరున వేసి, చేత్తో రెండు మూడుసార్లు మాత్రం కిందకీ మీదకీ తిప్పండి.

22 సెంటీమీటర్ల గుండ్రటి టిన్ను అడుగున, పక్కలా వెన్న రాసి, మొక్కజొన్న పిండి చల్లి దులపండి. ముద్ద పోసి సమంగా పరవండి, మూడు సెంటీమీటర్ల ఎత్తు వస్తుంది. అంతకంటే చిన్న టిన్నులో కుక్కితే మధ్య భాగం ఉడకదు. మిగిలిన పండు ముక్కలు పైన పేర్చండి. ఇప్పుడు ఒక చెంచా చక్కెర, ఒక చెంచా ఆలివ్ నూనె, అర చెంచా రోజ్‌మేరీ. తియ్యటి వంటకంలో రోజ్‌మేరీ ఏమిటని ఆగిపోయేవాళ్లు ఉంటారు, నేనూ ఆగాను. సరస్సు గాలికి చలి తగ్గి ఆ ఒడ్డున ఆలివ్ చెట్లు, రోజ్‌మేరీ పొదలు బాగా పెరుగుతాయి, అందుకే అవి వంటలోకి వచ్చాయి. ఇటలీలోనే తోస్కానా ప్రాంతంలో చెస్ట్‌నట్ పిండితో చేసే కాస్తాన్యాచ్చో అనే కేకులో కూడా ఎండుద్రాక్షతో పాటు ఇదే ఆకు వేస్తారు. తాజాది దొరక్కపోతే ఎండుది అరచేతిలో నలిపి వేయండి. కాలుతున్నప్పుడు ఆ వాసన ఆపిల్ వాసనతో కలిసి ఇల్లంతా పట్టుకుంటుంది. ఇది తీసేస్తే మిగిలేది మామూలు బ్రెడ్ పుడ్డింగే.

ఓటీజీలో కింద పైన రెండు రాడ్లూ వేసి 180 డిగ్రీలకు పదిహేను నిమిషాలు ముందే వేడెక్కించి, మధ్య అరలో 50 నుంచి 55 నిమిషాలు. చిన్న ఓటీజీల్లో పై రాడ్ దగ్గరగా ఉండి పైభాగం తొందరగా ఎర్రబడుతుంది. అరగంట దాటాక రంగు చూసి, అవసరమైతే అల్యూమినియం ఫాయిల్ వదులుగా కప్పండి.

అయిందా లేదా అని తెలుసుకోవడానికి కేకుకి చేసినట్టు టూత్‌పిక్ గుచ్చితే అది పండు ముక్కకి తగిలి తడిగానే వస్తుంది, టెన్షన్ పెరగడం తప్ప ఏమీ తెలీదు. టిన్ను అంచు పట్టి కొంచెం కదపండి. నడిమధ్య గడ్డపెరుగులా ఒక్కసారి వణికి ఆగితే అయినట్టు. అలలా అటూ ఇటూ కదిలితే ఇంకో ఎనిమిది నిమిషాలు. అంచులు టిన్నుని వదిలి లోపలికి జరిగి ఉండాలి కూడా.

వేడిమీద కోయకండి. గుడ్డు, పాలు బిగుసుకోడానికి కనీసం గంట పడుతుంది, ముందే కోస్తే బాగా కాలింది కూడా పచ్చిదానిలాగే కనపడుతుంది. ఎంతోమంది ఇక్కడే నిరాశపడి మళ్లీ ఓవెన్‌లో పెట్టి ఎండగొడతారు. నా మటుకు నాకు రెండో రోజు ఇష్టం, ఫ్రిజ్‌లోంచి తీసి కాసేపు బయట ఉంచి, పైన ఏమీ వేయకుండా, కాఫీతో.

వచ్చే పాఠంలో కోమోకి దిగువన ఉన్న బ్రియాంజా ఊళ్లకి వెళ్దాం. అక్కడ ఇదే పాత రొట్టెలో కోకో, అమరెత్తి బిస్కట్లు వేసి నల్లటి తోర్తా పాయెజానా చేస్తారు. ఈలోగా మియాషా ఒకసారి చేయండి, కోసిన ముక్కని పక్కనుంచి చూడండి. రొట్టె ముక్కలు విడిగా కనపడుతూ వాటి మధ్య పండు ఉంటే నానబెట్టడం కుదిరినట్టు. అడుగున వేలెడు మందాన నున్నటి పొర కట్టి ఉంటే పాలు ఎక్కువయ్యాయి, వచ్చేసారి అరకప్పు తగ్గించండి. వచ్చే పాఠంలో మొదట చూసేది ఆ అడుగు పొర గురించే.