కల్పిత లోకానికి ఉయ్యాల పాట కట్టడం

ఫాంటసీ నవలకో ఆటకో జోల పాట రాసేటప్పుడు చాలామంది చందమామతో మొదలుపెడతారు. అది మామూలు జోలకి చాలు. వేడుక పాటకి పిల్ల కాక ఇంకో శ్రోత కూడా ఉండాలి. తిరుమల ఏకాంత సేవలో లాలి దేవుడికే పాడతారు కదా, అలాగన్నమాట. ముందు ఆ రెండో శ్రోత ఎవరో, వింటే ఏం చేస్తుందో తేల్చుకోండి.

ఇక్కడ ఏటి మధ్యన ఓ లంక ఊరు అనుకుందాం. ఏటికి పిల్ల పేరు వినపడితే తనదేనంటుంది. అందుకని ఉయ్యాలలో వేసే రాత్రి పేరు పైకి అనరు, పాటలో దాచి పాడతారు. మన బారసాలలో పళ్లెంలో బియ్యం పోసి పేరు రాస్తాం, చెవిలో చెబుతాం. ఆ పళ్లేన్నీ బియ్యాన్నీ ఉన్నవి ఉన్నట్టు ఎత్తుకెళ్లి పెడితే చదివేవాడికి లంక కనపడదు, పక్కింటి పేరంటం కనపడుతుంది. పేరుని గుట్టుగా అందించడం అనే పనిని మాత్రం తీసుకోండి.

లయని ఉయ్యాల తాడు నుంచి తీయాలి. కొక్కెం నుంచి తొట్టి దాకా మీటరు తాడుంటే ఓ పోకా రాకా కలిపి సుమారు 2 సెకన్లు. దూలానికి కట్టిన 2.25 మీటర్ల తాడైతే 3 సెకన్లు. పిల్ల బరువు పెరిగినా ఇది మారదు, తాడు పొడవు మారితేనే మారుతుంది. పడవ లోపల పొట్టి తాడు కడితే పాట పరుగెత్తుతుంది, నిద్ర రాదు. కాబట్టి పొడుగు తాడే ఎంచుకోండి. పోకకి 5 మాత్రలు, రాకకి 5. మాత్ర అంటే పొట్టి అక్షరం పలికేంత సేపు; దీర్ఘానికీ, సున్నా ఉన్నదానికీ, ఒత్తు ముందు అక్షరానికీ రెండు. ఆ ఐదు మాత్రలూ ఒక గణం. పాదానికి నాలుగు గణాలు, అంటే రెండు ఊపులు, 6 సెకన్లు. రెండు పాదాల పల్లవి, నాలుగేసి పాదాల చరణాలు మూడు, ప్రతి చరణం తర్వాత మళ్లీ పల్లవి: మొత్తం 2 నిమిషాలు. అంతకు మించితే ఏ సన్నివేశమూ మోయలేదు.

పిల్ల పేరు కోనా అనుకుంటే పల్లవి ఇలా వస్తుంది:

కోలేసి నిలిపేము కొండెక్కు వరదా
నాలుగూ దిక్కులూ నావల్లె ఊగా

పాదాల మొదటి అక్షరాలు కలిపితే పేరు. రెండో అక్షరంలో హల్లు రెండు చోట్లా ‘ల’ కనుక ప్రాస కుదిరింది. మూడో గణం మొదట ‘కో’కి ‘కొ’, ‘నా’కి ‘నా’ యతి, అంటే పాదం మొదటి అక్షరానికి మధ్యలో వచ్చే జోడీ. ఆఖరి గణంలో 4 మాత్రలే ఉన్నాయి, ఆ మిగిలిన ఒక్క మాత్ర ఊపిరి తీసుకోవడానికి. ప్రాసకి ముందున్న అక్షరం అన్ని పాదాల్లోనూ గురువే (రెండు మాత్రలది) అవ్వాలి, లేదా అన్నిటా లఘువే (ఒక మాత్రది) అవ్వాలి. అందుకే పేరు పెట్టేటప్పుడే రెండక్షరాలూ దీర్ఘాలు ఉండేలా చూసుకోవడం తేలిక. కోనీ, మాలా పరవాలేదు. రమా అంటే చిక్కే.

ఎక్కువగా తప్పేది ఇక్కడే. ‘నాలుగు దిక్కులు’ అని రాస్తే వ్యాకరణం బాగానే ఉంటుంది, కానీ గణానికి 4 మాత్రలే వస్తాయి. తొట్టి ఇంకా అవతలే ఉండగా గొంతు ఇవతలికి వచ్చేస్తుంది. ‘నాలుగూ దిక్కులూ’ అని సాగదీస్తే సరిపోతుంది. ఇలాంటి సాగతీత పాదానికి రెండుసార్లకి మించితే మాత్రం పాట నసగా తయారవుతుంది.

ఊతపదంగా జోజో, లాలి వద్దనుకుంటే రెండక్షరాల మాట ఒకటి చేసుకోండి. రెండూ దీర్ఘాలే, మధ్యలో ల, మ, న, యల్లో ఒకటి: ఓలో, ఏనా, ఆయీ. భయంకరంగా ఉండాలని ‘గ్థ్రాఖ్’ లాంటివి కల్పిస్తారు కొందరు. నిద్రపుచ్చే గొంతు అక్కడ ఆగి దగ్గాల్సిందే. పాటంతా కొత్త భాషలో రాయడం కూడా దండగ. ఊతపదం ఒక్కటీ కొత్తదైతే చాలు.

వరసకి ఐదారు స్వరాలు చాలు. పక్క పక్క స్వరాల మీదే నడిపి పాదం చివర కిందికి దింపండి. నీలాంబరి, నవరోజు లాలికి అలవాటైన రాగాలే, కానీ మనవాళ్ల చెవికి అవి వెంటనే గుడినీ ఇంటినీ తెస్తాయి.

ఎవరు పాడాలి, తప్పితే ఏమవుతుంది అన్నది పాటలో చెప్పకండి, చేతల్లో చూపించండి. మేనత్త పాడుతుంది, మిగతావాళ్లు తెడ్లు నేలకి ఆనించి ఉంచుతారు. మాట తడబడితే తొట్టిని చేత్తో ఆపి మళ్లీ పల్లవి నుంచి ఎత్తుకోవాలి. కథకి ఉద్వేగం కావాలంటే ఆ తడబాటుని మూడో చరణంలో పెట్టండి, ఎందుకంటే అప్పటికి ఏరు చాలాసేపటి నుంచి వింటూ ఉంటుంది.

పుస్తకంలో పల్లవీ ఒక చరణమూ అచ్చువేస్తే చాలు. ఆటలో అయితే 12 సెకన్ల పల్లవినే తిప్పి తిప్పి వాడొచ్చు, అతుకు ఊపిరి మాత్ర దగ్గర పెడితే వినపడదు. పూర్తయ్యాక 2.25 మీటర్ల తాడుకి రాయి కట్టి ఊపుతూ, పాట ఎప్పుడూ చూడనివాళ్ల చేత చదివించండి. రాయి కన్నా ముందు గొంతు ఎక్కడ వచ్చిందో ఆ గణం దిద్దుకోండి.